ఎనిమిది వందల బస్తాలు

"మా శ్రీలత ఉద్యోగం ఏందంటే ఊదుడు" అని మా ఆయన దేవిదాస్ షెడ్డుకు వచ్చిన ప్రతి మనిషితో అంటాడు. వచ్చినవాళ్ళు నవ్వుతారు. నేనూ నవ్వుతాను. నవ్వకపోతే, టీ ఇచ్చేటప్పుడు మొకం ఎందుకట్ల పెట్టినవని ఇంకో మాట వస్తుంది. ఒక నవ్వుతో పోయేదానికి రెండు మాటలు ఎందుకు పడాలి? వ్యాపారం చేసే ఇంట్లో ఉన్నందుకు ఈ మాత్రం లెక్క వచ్చింది.

ఊదడం మాత్రం నిజమే. బాన్సువాడ నుంచి బిచ్కుంద పోయే రోడ్డు మీద మాకు రాతిపొడి మిల్లు ఉంది. సున్నపురాయి ముక్కలను పిండి చేసి, జల్లించి బస్తాలకెత్తుతాం. మొదట్లో కోళ్ళ దాణాకు, చేపల చెరువులకు అమ్మేవాళ్ళం. ఏడేళ్ళుగా ఎక్కువ భాగం తూర్పున బొగ్గు గనులకు పోతోంది. భూమి లోపల బొగ్గు తవ్వుతుంటే నల్లటి దుమ్ము గోడల మీద, కప్పు మీద, నేల మీద పేరుకుంటుంది. ఎక్కడో కాస్త గ్యాస్ అంటుకుందంటే ఆ దెబ్బకు దుమ్మంతా పైకి లేస్తుంది. లేచిన దుమ్ము అంటుకుంటే మంట సొరంగం పొడవునా పరుగెత్తుతుంది. దానికి తిండి దొరక్కుండా చేసేది మా పొడి. నల్ల దుమ్ము మీద తెల్ల పొడి చల్లి ఉంచితే రెండూ కలిసే లేస్తాయి. రాయి కాలదు, పైగా వేడిని తాగేస్తుంది. మంట అక్కడికక్కడ చచ్చిపోతుంది. కాకపోతే ఆ పొడి తేలిగ్గా లేవాలి. చెమ్మ తగిలి గడ్డ కట్టిందంటే అది ఉన్నా లేనట్టే. అందుకని ఇరవై బస్తాలకు ఒకసారి చిటికెడు తీసి అరచేతిలో పెట్టుకుని ఊదుతాను. పొగలాగా పోవాలి. చేతికి అంటుకుని కూర్చుంటే ఆ బస్తాలు పక్కకు పెట్టిస్తాను. ఇది మా ఆయనకు నేర్పింది నేను. నాకు నేర్పింది మా బాపు.

బాపు గనిలో పొడి చల్లే కార్మికుడు. మా కాలనీలో అందరి నాన్నలూ నల్లగా ఇంటికి వస్తే మా బాపు తెల్లగా వచ్చేవాడు. బొగ్గు తీసేవాళ్ళు ఆయనను 'సున్నపోడు' అనేవారు. టన్నులు తీసేవాడికి పేరుంటుంది, చల్లేవాడికి ఏముంటుంది? ఇవాళ చల్లిన తెలుపు మీద రేపటికి మళ్ళీ నలుపు పడుతుంది, మళ్ళీ చల్లాలి. "ఇల్లు ఊడిసినట్టే బిడ్డా, ఊడిసిందెవరికీ కనవడది, ఊడువకపోతేనే కనవడ్తది" అనేవాడు. తన కష్టాన్ని ఆడవాళ్ళ కష్టం పక్కన పెట్టి తూచిన మగవాణ్ని ఆయన తర్వాత నేను ఇంకొకరిని చూడలేదు.

టెండర్లలో ఆడవాళ్ళ సంస్థలకు కొంత వాటా ఉందని తెలిసిన ఏడాది మిల్లు నా పేరు మీదికి వచ్చింది. గేటు మీద 'శ్రీలత మినరల్స్' అని బోర్డు, కింద మా ఆయన ఫోన్ నంబరు. బ్యాంకుకు పోతే "సార్ రాలేదా మేడమ్?" అంటారు. ఒకసారి అన్నం తింటూ నేను, నా పేరు మీద ఉన్న మిల్లుకు ఏ రాయి దింపాలో నన్ను కూడా అడగొచ్చు కదా అన్నాను. మా అత్తమ్మ పోసవ్వ ముద్ద ఆపి, "రేషన్ కార్డు నా పేరు మీద లేదా? నేనేమన్న రాజ్జెం ఏలుతున్ననా?" అంది. ఆమె అన్నది ఆమె బతుకు లెక్క, అందులో తప్పు పట్టడానికేమీ లేదు.

షెడ్డులో బస్తాలు కుట్టే సక్రికి కూలి ఉంది. మిల్లు నడిపే ఆపరేటర్‌కు జీతం ఉంది. గేటు దగ్గర పడుకునే కుక్కకు కూడా రెండు పూటలా అన్నం ఉంది. నా జీతం సంగతి ఎత్తితే మా ఆయన "మొత్తం నీదే కద" అంటాడు. మొత్తం నాదైనప్పుడు అందులో కొంచెం నాదెందుకు కాదో నాకు ఇప్పటికీ అర్థం కాలేదు. జీతం లేనివాళ్ళకు సెలవు కూడా ఉండదు. పిల్లల డబ్బాలు, అత్తమ్మ జొన్నరొట్టె, చక్కెర జబ్బు గోలీలు, ఆయన నీళ్ళు అన్నీ అయ్యాక ఎనిమిదింటికి షెడ్డుకు, రెండింటికి మళ్ళీ పొయ్యి దగ్గరికి. ఊదడం ఈ రెండింటి మధ్య.

మొన్న శ్రావణంలో నాలుగు రోజులు ముసురు పట్టింది. నిజాంసాగర్ గేట్లు ఎత్తుతారా లేదా అని ఊరంతా అదే ముచ్చట. డ్రైవర్ అమానుల్లా లారీ గేటు లోపల నిలబడి ఉంది, నాలుగు వందల బస్తాలు ఎక్కాలి. నేను షెడ్డుకు చేరేసరికి సగం ఎక్కాయి. అలవాటు కొద్దీ ఒక బస్తా మూతి విప్పి చిటికెడు తీసి ఊదాను. పొడి రయ్యిన పోయింది. చేతి గీతల్లో కూడా మిగల్లేదు.

ఇంకెవరైనా అయితే సంతోషపడేవారు. నాకు మాత్రం ఏదో తేడా తగిలింది. నాలుగు రోజుల ముసురులో సున్నపురాయి పొడి కొంచెమైనా మెత్తబడుతుంది. ఏడు వానకాలాలు చూశాను, ఏ శ్రావణంలోనూ అది ఎండాకాలంలో లేచినట్టు లేవలేదు. సరుకు ఉండాల్సినదానికంటే బాగుందంటే అది మన సరుకు కాదన్నట్టే. ఇంకో బస్తా విప్పాను. ఇంకోటి విప్పాను. రంగు కూడా ఒక పిసరు తక్కువగా, మబ్బు పట్టినట్టు ఉంది.

"సక్రీ, దీంట్ల ఏం కలిసింది?"

సక్రి సూది ఆపలేదు. తల కూడా ఎత్తలేదు. "నన్ను అడగకక్కా. నా కూలి నీ నోట్ల ఉన్నది."

"నీ పేరు ఎత్తను. చెప్పు."

"ఏం కలుస్తది? రైసుమిల్లు బూడిద. రాత్రిపూట ట్రాక్టర్లు తెస్తున్నయ్. నువ్వు మీ ఆడబిడ్డ ఇంట్ల ఫంక్షన్ పనిల వడ్డవు సూడు, గప్పటిసంది."

ఈ చుట్టుపక్కల బాయిల్డ్ రైసు మిల్లులకు కొదవ లేదు. వాటి బాయిలర్లలో ఊక కాలుస్తారు. ఆ బూడిదను ఎక్కడ పోయాలో వాళ్ళకు తెలియదు. రోడ్డు పక్కన పోస్తే ఊరివాళ్ళు కొట్లాడతారు. ఎవరైనా ఊరికే తీసుకుపోతామంటే ట్రాక్టరు కూడా వాళ్ళే పంపిస్తారు. బూడిద కలిపితే పొడి ముసురులో కూడా గడ్డ కట్టదు. ఎంత తెలివైన బేరమో నాకు అర్థమైంది. ఒక పక్క నుంచి చూస్తే దానిలో నష్టమన్నదే లేదు.

గ్లాసులో నీళ్ళు పోసి చారెడు పొడి వేశాను. తెల్లది అడుగుకు దిగింది. నల్లటి నలుసులు నీళ్ళ మీద తేలాయి. వాటిని గుడ్డతో వడకట్టి, టీ పెట్టే పొయ్యి మీద ఇనుప గంటెలో వేసి ఎండబెట్టి, మంట పెంచాను. కాసేపు ఏమీ లేదు. తర్వాత ఒక నలుసు ఎర్రగా అయింది. పక్కది అంటుకుంది. చూస్తుండగానే గంటె అంతా చిన్న చిన్న ఎర్ర చుక్కలు, రాత్రి దూరం నుంచి ఊరిని చూసినట్టు.

ఆ గంటెను అట్లాగే పట్టుకుని మా ఆయన దగ్గరికి పోయాను. ఆయన బయట టార్పాలిన్ కట్టిస్తున్నాడు.

"మీరు ఏం కలిపిండ్రు?"

"మెల్లగ మాట్లాడు" అన్నాడు. ఆయన నా ముఖం చూడలేదు, అమానుల్లా ఎక్కడున్నాడో చూశాడు. "బూడిదనే కద. కాలిపోయింది మల్ల కాలుతదా? సచ్చినోడు మల్ల సస్తడా?"

"ఇగో చూడుండ్రి, కాలుతుంది. అది సగం కాలిన ఊక. లోపట బొగ్గే ఉన్నది. బొగ్గు మీద బొగ్గు చల్లుమని పంపిస్తున్నమా?"

"ఇంత నలుసుకు గంత లొల్లా? ఆరు బస్తాలకొక బస్తా, అంతే. అయిదు పాళ్ళు రాయే ఉన్నది కద. ఆల్రెడీ రెండు లోడ్లు పోయినయ్. ఏమైంది? ఏం కాలే."

నేను ముందు ఆ చివరి మాట దగ్గరే ఆగిపోయాను. ఏం కాలే. మేము ఏడేళ్ళుగా అమ్మేది అదే. గనివాళ్ళు మా దగ్గర కొనేది రాయి కాదు, ఏమీ కాకుండా ఉండడం. ఆ సరుకు పెట్టకుండానే దాని పేరు చెప్పి అమ్ముకుంటున్నాడు ఈయన. తర్వాత మిగతా మాట తలకెక్కింది.

"ఏ రెండు లోడ్లు? నేను చూడంది లోడెట్ల పోయింది? సంతకమెవరు పెట్టిండ్రు?"

"నువ్వు చెల్లె ఇంట్ల ఉన్న వారంల పోయినయ్. సంతకం నువ్వే పెట్టినవ్, చెల్లె బిడ్డ ఫంక్షన్ నాడు. గారెలు చేసుకుంట."

ప్రతి లోడు వెంబడి ఒక కాగితం పోతుంది. ఈ సరుకును నేను స్వయంగా పరీక్షించాను, ఇందులో మండే పదార్థమేదీ లేదు అని దాని మీద ఉంటుంది. కింద ప్రొప్రైటర్ సంతకం. ఆ రోజు ఆడబిడ్డ వంటింట్లో నలభై మందికి గారెలు చేస్తున్నాను. ఆయన గట్టు మీద పిండి పళ్ళెం పక్కకు జరిపి నాలుగు ఖాళీ కాగితాలు పెట్టాడు. లారీ ఇంకా రాలేదు కదా అన్నాను. "వచ్చినంక నిన్ను వంటింట్లకెల్లి బయటికి గుంజాల్నా? సంతకమే కద, పెట్టెయ్" అన్నాడు. బయట ఆయన మేనమామలు గారెల కోసం కేకేస్తున్నారు. నూనె కాగిపోతోంది. చెయ్యి కొంగుకు తుడుచుకుని నాలుగూ పెట్టేశాను. ఆయన నా చెయ్యి పట్టుకుని పెట్టించలేదు. తిట్టలేదు, కొట్టలేదు. గారె మాడిపోతుందన్న తొందరలో నా పేరును నేనే ఇచ్చేశాను. పద్దెనిమిదేళ్ళుగా ఇంట్లో నా మాటకు విలువ లేదని లోపల కుమిలిపోయేదాన్ని. నా సంతకానికి నేనే విలువ కట్టలేదని ఆ గంటె చేతిలో పట్టుకుని నిలబడ్డప్పుడు తెలిసింది.

తల మాత్రం లెక్క వేస్తూనే ఉంది, దాన్ని ఆపడం నాకు చేతకాదు. రెండు లోడ్లంటే ఎనిమిది వందల బస్తాలు. బస్తాకు యాభై కిలోలు, నలభై టన్నులు. అందులో ఆరో వంతు, ఆరు టన్నులకు పైన బూడిద. అది నా పేరుతో భూమి కిందికి దిగింది.

"గనికి ఫోన్ చేసి చెప్పుండ్రి" అన్నాను.

"పిచ్చిగాని లేసిందా? టెండర్ పోతది. మళ్ళ జన్మల రాదు. నువ్వు లోపలికి నడువు. డీజిల్ తెచ్చేదున్నది, బిచ్కుంద దాంక పోయొస్త. నేను వచ్చెటాల్లకు లోడు కదలాలె." బండి తీశాడు. గేటు దాటుతూ మళ్ళీ ఆగి, మనుషులు వినేటట్టు, "సున్నపోని బిడ్డకు మైన్స్ ఇంజినీర్ తెలివి!" అని నవ్వి పోయాడు.

నేను గంటె కింద పెట్టాను. టెండర్ పోతే ఏమేం పోతుందో వేళ్ళ మీద చెప్పగలను: మిల్లు మీద తెచ్చిన బాకీ, మా బిడ్డ సంజన కాలేజీ, ఆపరేటర్ జీతం, సక్రి కూలి. అది ఒక పక్క. ఇంకో పక్కన పెట్టాల్సింది ఎంతో నాకు తెలియదు. అసలు ఏమీ లేకపోవచ్చు. ఎన్నేళ్ళు గడిచినా అక్కడ నిప్పు పుట్టకపోవచ్చు. లేదా ఈ పూటే పుట్టొచ్చు. వ్యాపారంలో నాకు తెలిసిన నియమం ఒకటే, ఒక పళ్ళెంలో తూకానికి రానిది ఉన్నప్పుడు త్రాసు ఎత్తకూడదు.

"అమానుల్లా అన్నా, బస్తాలు దింపు."

"సేటును అడిగి దింపుత భాభీ. మల్ల నా మీదికొస్తడు."

"బోర్డు మీద ఎవరి పేరుంది?"

అతను తలెత్తి బోర్డు చూశాడు, నన్ను చూశాడు, గడ్డం గోక్కున్నాడు. "గిన్నేండ్ల సంది వస్తున్న, గా పేరు ఎన్నడు సదువలే భాభీ" అని లారీ ఇంజను బంద్ చేశాడు.

సప్లై ఆర్డర్ కాగితం మీద సేఫ్టీ ఆఫీసర్ హరనాథబాబు నంబరు ఉంది. ఆయనను నేను ఎన్నడూ చూడలేదు. నా ఫోన్ నుంచి చేశాను. అప్పటికే అరుపులు విని అత్తమ్మ ఇంట్లోంచి గొడుగేసుకుని వచ్చి, షెడ్డు గడప మీద నిలబడింది.

"బాన్సువాడ నుంచి సార్. మీకు రాతిపొడి పంపేటోళ్ళం."

"ఆఁ, దేవిదాస్ గారి ఇంట్లోవాళ్ళా? బిల్లు సంగతైతే ఆఫీసుకి చెయ్యండమ్మా. లేకపోతే మీవారికివ్వండి, మాట్లాడతా."

"బిల్లు కాదు సార్. ప్రొప్రైటర్‌ను నేనే. పోయిన నెల మీకొచ్చిన మా రెండు లోడ్లల్ల ఊక బూడిద కలిసింది. సగం కాలిన బూడిద. అది కాలుతది సార్, నేను ఇప్పుడే కాల్చి చూసిన."

అవతల కుర్చీ జరిపిన చప్పుడు వినిపించింది. మళ్ళీ మాట్లాడినప్పుడు ఆ గొంతులో 'అమ్మా' లేదు.

"ఎంత కలిపారు?"

"ఆరు బస్తాలకొకటి."

"లోడుతో పంపిన శాంపిల్ డబ్బా శుభ్రంగా ఉందే?"

"శాంపిల్ మంచి బస్తాలకెల్లి తీసి ఉంటరు."

"బస్తాల మీది నంబర్లు చెప్పండి." చెప్పాను. రాసుకుంటున్నాడు. "రెండో లోడు స్టోరులోనే ఉంది. మొదటిది తూర్పు భాగంలో చల్లించేశాం. ఇప్పుడక్కడ అరవై ముగ్గురున్నారు." కాగితం తిప్పిన చప్పుడు. "సర్టిఫికెట్ మీద సంతకం మీదే కదా. చూసే పెట్టారా?"

అత్తమ్మ దగ్గరికి వచ్చింది. నా భుజం పట్టుకుని చెవిలో, "సక్రి కలిపిందని చెప్పు. తెలువక కలిపిందను. దాన్నెవరేమంటరు?" అంది. పది అడుగుల దూరంలో సక్రి సూది దారం పట్టుకుని మా ఇద్దరినీ చూస్తోంది. ఆమెకు వినిపించలేదు. అయినా ఏం మాట్లాడి ఉంటామో ఆమెకు తెలుసని ఆ చూపులోనే ఉంది.

"చూడలేదు సార్. ఖాళీ కాగితాల మీద పెట్టిన. అది నా తప్పే. ఇంకెవరిది కాదు."

"దీంతో మీ సప్లై పోతుంది. ఎంక్వైరీ వస్తుంది, కేసు కావచ్చు. మీ మీదే వస్తుంది, మీవారి మీద కాదు. అర్థమవుతోందా?"

"అయితుంది సార్. ముందు వాళ్ళను పైకి తీయండి."

ఫోన్ పెట్టేశాడు. ఆపరేటర్ మిల్లు ఆపేశాడు. ఏడేళ్ళలో పగటిపూట ఆ షెడ్డు అంత నిశ్శబ్దంగా ఉండడం నేను ఎరగను. రేకుల మీద వాన చప్పుడు తప్ప ఏమీ లేదు. అరవై ముగ్గురు. వాళ్ళ వెంబడి అరవై మూడు డబ్బాలు పోయి ఉంటాయి. నాలుగింటికి లేచి వండి కట్టిన చేతులు అరవై మూడు. ఆ చేతులు ఈపాటికి అంట్లు తోముతుంటాయి, బట్టలు పిండుతుంటాయి, మధ్యాహ్నం షిఫ్టు దిగేసరికి నీళ్ళు కాగాలని అనుకుంటుంటాయి. వాళ్ళకు నా పేరు తెలియదు. తెలియకుండానే ఉండాలని మొక్కుకున్నాను. గనిలో దిగినచోటి నుంచి పైకి రావడానికి ఎంత సేపు పడుతుందో మా అమ్మ ఎప్పుడూ గోడ గడియారం చూసి చెప్పేది. నా దగ్గర ఆ లెక్క లేదు. అందుకని ఊరికే కూర్చున్నాను.

అత్తమ్మ మొదట తిట్టింది. మొగని తప్పు బజార్ల పెట్టేదాన్ని ఇప్పుడే చూస్తున్న అంది. ఇంటి మీద మన్ను పోసినవ్ అంది. తర్వాత తిట్లు తగ్గాయి. తర్వాత వచ్చి నా పక్కన బస్తాల మీద కూర్చుంది. గంట దాటింది. గొడుగు కర్రతో నేలను గీకుతూ, నా వైపు చూడకుండా, "వచ్చిండ్రా?" అని అడిగింది.

"ఇంక ఫోన్ రాలే అత్తమ్మా."

ఒంటిగంటా ఇరవైకి వచ్చింది. "అందరూ పైకొచ్చేశారు. లెక్క చూసుకున్నాం, అరవై ముగ్గురూ ఉన్నారు" అన్నాడు హరనాథబాబు. "ఆ భాగమంతా కడిగి, వేరే పొడి చల్లి, శాంపిల్ చూశాకే మళ్ళీ దింపుతాం. రేపు మావాళ్ళు మీ దగ్గరికొస్తారు, బూడిద అక్కడే ఉంచండి." అంతే. థాంక్స్ చెప్పలేదు. చెప్పాల్సిన పని లేదు. పాడు సరుకు అమ్మినవాడు ఒప్పుకున్నంత మాత్రాన కొన్నవాడు దండం పెట్టడు. అత్తమ్మ లేచి, మోకాళ్ళు పట్టుకుని ఇంటి వైపు నడిచింది.

మా ఆయన వచ్చేసరికి లారీ ఖాళీగా ఉంది. బస్తాలు ఒక మూలకు పేర్చి ఉన్నాయి. డీజిల్ డబ్బా దింపకుండానే ముందు అమానుల్లాను చూశాడు, తర్వాత ఆగిపోయిన మిల్లును, తర్వాత నన్ను. నేనే చెప్పాను. మొదటి నుంచి చివరి దాకా, సరుకు వివరం చెప్పినట్టు. అరుస్తాడనుకున్నాను. చెయ్యి లేస్తుందేమోనని కూడా ఒక అడుగు వెనక్కి వేశాను. ఆయన అరవలేదు. తడిసిన చొక్కాతో స్టూలు మీద కూలబడ్డాడు. తలెత్తాడు. ఆ ముఖంలో కోపం కంటే ఆశ్చర్యం ఎక్కువగా ఉంది, ఇంట్లోని గోడ ఒకటి జరిగిందని ఎవరో చెప్పినట్టు.

"గింత పని చేసెటప్పుడు, నన్నొక్క మాట అడగొద్దా శ్రీలతా?"

పద్దెనిమిదేళ్ళలో నేను ఆయనను అడగనిది లేదు. పుట్టింటికి పోవడానికి అడిగాను. కడుపునొప్పి వస్తే దవాఖానకు పోవడానికి అడిగాను. చెప్పులు తెగితే అడిగాను. బాపు పోయినప్పుడు పదకొండో రోజు దాకా ఉండనా అని అడిగాను, మూడో రోజు రమ్మంటే వచ్చేశాను. అందుకే ఆ ప్రశ్నను నేను తేలిగ్గా తీసుకోలేదు. జవాబు కోసం లోపలంతా నిజంగానే వెతికాను. వద్దంటాడన్న భయంతో అడగలేదా? కోపంతోనా? పంతంతోనా? అవేవీ నాకు దొరకలేదు.

"నాకు యాదికి రాలే" అన్నాను.

అది నిజం. అడగాలన్న సంగతే నాకు గుర్తు రాలేదు.